కొన్న ఆటను వేరొక యంత్రంలో ఆడుకోవడం దొంగతనమా?



ఈ పుటలలో నేను సాధారణంగా మధుమేహం గురించో, మోకాళ్ళ నొప్పుల గురించో, యాంటీబయాటిక్ మందులను అడ్డదిడ్డంగా మింగడం గురించో వ్రాస్తూ ఉంటాను. ఈసారి విషయం వీడియో ఆటలు. డెబ్బై దాటిన పిల్లల వైద్యుడికి వీడియో ఆటలతో ఏమి పని అని మీకు సందేహం కలగవచ్చు. కొన్నేళ్ళ క్రితం వరకు నాకూ ఆ సందేహమే ఉండేది.

ఇటీవల వైద్యుల సమావేశం ఒకదానిలో కండరాల క్షీణత ఉన్న పిల్లల పునరావాసం గురించి నాలుగు మాటలు చెబుతూ, ఒక జపాన్ సంస్థ ఆటలను దాని పోటీదారు యంత్రంలో ఆడుకునే ఏర్పాటును ప్రస్తావించాను. వెంటనే ఒక యువ వైద్యమిత్రుడు లేచి, "సార్, మీరు చెబుతున్నది పైరసీ కదా. వైద్యులుగా మనం దానిని ప్రోత్సహించవచ్చా?" అని అడిగాడు. సభలో కొందరు తలలు ఊపారు. సమయాభావం వలన నేను సరైన సమాధానం చెప్పలేకపోయాను. ఇంటికి వచ్చిన తరువాత ఆ ప్రశ్న నన్ను వదలలేదు. దానికి నా సమాధానమే ఈ వ్యాసం. అక్కడక్కడా కటువుగా ఉంటే మన్నించండి.

ముందుగా ఒక అబ్బాయి గురించి చెప్పాలి. పేరు చెప్పను. ఇప్పుడతనికి పంతొమ్మిదేళ్ళు. అయిదేళ్ళ వయసులో తల్లి నా దగ్గరకు తీసుకువచ్చింది. "మెట్లు ఎక్కలేకపోతున్నాడు డాక్టరు గారూ. నేల మీద నుంచి లేవాలంటే తొడల మీద చేతులు ఆనించుకొని, తన మీద తానే పాకుతున్నట్టు లేస్తున్నాడు" అన్నది. ఆ ఒక్క వాక్యం వింటే చాలు, ఏ పిల్లల వైద్యుడికైనా గుండె జారిపోతుంది. దానిని మేము గోవర్స్ చిహ్నం అంటాము. పిక్కలు చూస్తే పహిల్వాను పిక్కల వలె లావుగా ఉన్నాయి, వాటిలో బలం మాత్రం లేదు. డుషేన్ కండరాల క్షీణత. కండరపు పొరను కాపాడే డిస్ట్రోఫిన్ అనే ప్రోటీను తయారుకాని జన్యుదోషం. ఎక్స్ క్రోమోజోములోని లోపం కనుక దాదాపుగా మగపిల్లలకే వస్తుంది. పన్నెండేళ్ళు వచ్చేసరికి చాలామంది చక్రాల కుర్చీకి చేరతారు. ఆ తరువాత భుజాలు, ఆపైన మోచేతులు, ఊపిరి కండరాలు, గుండె. స్టిరాయిడ్లు ఈ ప్రయాణాన్ని నెమ్మదింపజేస్తాయి, ఆపలేవు.

అయితే ఈ వ్యాధిలో ఒక విచిత్రం ఉంది. మొండెానికి దగ్గరగా ఉన్న పెద్ద కండరాలు ముందుగా పోతాయి. వేళ్ళను కదిలించే చిన్న కండరాలు అన్నిటికంటె ఆలస్యంగా పోతాయి. అన్నం ముద్దను నోటిదాకా ఎత్తలేని చెయ్యి కూడా, బల్ల మీద ఆనించి ఉంచితే, వేలితో ఒక మీటను నొక్కగలదు. వీధిలో క్రికెట్ ఆడలేని, బడి మెట్లు ఎక్కలేని, తోటి పిల్లలు కాలేజీలకు వెళ్ళిపోయాక ఇంట్లో ఒంటరిగా మిగిలిపోయిన కుర్రవాడికి ఇక మిగిలిన మైదానం ఆ వేలికొస వైశాల్యమే.

అతని మేనమామ 2005 ప్రాంతంలో టెక్సాస్‌లో చదువుకునే రోజులలో నింటెండో వారి గేమ్ బాయ్ అడ్వాన్స్ కొనుక్కున్నాడు. దానితో పాటు పోకెమాన్ ఎమరాల్డ్, మెట్రాయిడ్ ఫ్యూజన్ వంటి కొన్ని ఆటల క్యాట్రిడ్జ్‌లు కూడా డబ్బు పెట్టి కొన్నాడు. అవన్నీ తరువాత మేనల్లుడికి వచ్చాయి. 2001లో వచ్చిన ఆ యంత్రపు మొదటి నమూనాకు తెరలో వెలుగు లేదు. దీపం కిందకు వంచి, ఎత్తి, ఏటవాలుగా పట్టుకుంటేనే బొమ్మ కనబడుతుంది. పదేళ్ళప్పుడు ఆ పిల్లవాడు అలా పట్టుకోగలిగాడు. పధ్నాలుగేళ్ళు వచ్చేసరికి పట్టుకోలేకపోయాడు. మెట్రాయిడ్ ఫ్యూజన్‌లో క్షిపణి వదలాలంటే కుడి భుజపు మీటను చూపుడు వేలితో అదిమి ఉంచి, అదే సమయంలో బొటనవేలితో మరొక మీట నొక్కాలి. ఆ రెండు పనులూ ఒక్కసారి చేయగల శక్తి అతని చేతికి లేదు. పోకెమాన్ క్యాట్రిడ్జ్‌లోని చిన్న బ్యాటరీ కూడా ఎండిపోయి, ఆటలో గడియారం మీద ఆధారపడిన సంఘటనలు నిలిచిపోయాయి. ఆ పెట్టెను అలమరలో పెట్టి తాళం వేశారు. ఇలా అలమరలోకి వెళ్ళిపోయిన వస్తువులను నా వృత్తిజీవితంలో చాలా చూశాను. మొదట సైకిలు, తరువాత హార్మోనియం, తరువాత రంగు పెన్సిళ్ళు.

రెండేళ్ళ క్రితం మేనమామ అమెరికా నుండి వస్తూ స్టీమ్ డెక్ అనే చేతి యంత్రాన్ని తెచ్చాడు. వాల్వ్ అనే అమెరికన్ సంస్థ 2022లో విడుదల చేసిన ఈ యంత్రం నిజానికి చేతిలో ఇమిడే కంప్యూటరు. అబ్బాయి అన్నయ్య ఇంజనీరింగు చదువుతున్నాడు. అతను క్యాట్రిడ్జ్‌లను చదివే చిన్న పరికరాన్ని కొని, తమ ఇంట్లో ఉన్న క్యాట్రిడ్జ్‌ల నుండే ఆటలను, తమ్ముడు పదేళ్ళప్పుడు దాచుకున్న ఆట స్థితితో సహా కంప్యూటరులోకి దించి, అక్కడి నుండి స్టీమ్ డెక్‌లోకి ఎక్కించాడు. అందులో ఒక ఉచిత ఎమ్యులేటర్‌ను అమర్చాడు. ఆ యంత్రం 669 గ్రాములు తూగుతుంది. ఈ అబ్బాయి చేతికి అది మోయరాని బరువు. అందుచేత దానిని కుర్చీ పలక మీద నిలబెట్టి, మైక్రోసాఫ్ట్ వారు వికలాంగుల కోసం 2018లో తెచ్చిన అడాప్టివ్ కంట్రోలర్‌ను తీగతో కలిపాడు. దానికి అరచేయంత మీటలు రెండు ఉంటాయి, వెనుక వైపున వేరే స్విచ్చులు గుచ్చుకోవడానికి వరుసగా రంధ్రాలు ఉంటాయి. అదిమి ఉంచవలసిన మీటను ఒకసారి నొక్కితే అదిమినట్టు, మరోసారి నొక్కితే వదిలినట్టు మార్చే సదుపాయం స్టీమ్ డెక్‌లో ఉంది. నింటెండో ఆట, వాల్వ్ యంత్రం, మైక్రోసాఫ్ట్ మీట. మార్కెట్టులో ఒకరి గొంతు మీద ఒకరు కాలు వేసే ముగ్గురు పోటీదారులు, ఆ ఇంటి వసారాలో ఒక చక్రాల కుర్చీ పలక మీద సఖ్యంగా కూర్చున్నారు.

ఆ రోజున తల్లి నాకు ఫోన్ చేసి, "డాక్టరు గారూ, వాడు నవ్వుతున్నాడండీ" అని మాత్రం చెప్పి పెట్టేసింది.

దీనినే నా యువమిత్రుడు పైరసీ అన్నాడు.

ఎమ్యులేటర్ అంటే ఏమిటో ముందు తెలుసుకుందాము. పూర్వం కుంపిణీ దొరల కచేరీలలో దుబాసీలు ఉండేవారు. రైతు తెలుగులో మొరపెట్టుకుంటే దుబాసీ దానిని దొరకు ఇంగ్లీషులో వినిపించేవాడు. ఎమ్యులేటర్ చేసేది ఆ పనే. పాత యంత్రపు భాషలో వ్రాసిన ఆటను కొత్త యంత్రానికి అర్థమయ్యే భాషలో, ఆట సాగుతుండగానే, వినిపిస్తుంది. దుబాసీ రైతు పొలాన్ని దొంగిలించడు. రైతు చెప్పిన మాటను చేరవేస్తాడు, అంతే.

ఇది నా సొంత కవిత్వం కాదు. అమెరికా న్యాయస్థానాలు పాతికేళ్ళ క్రితమే ఈ విషయాన్ని విచారించాయి. సోనీ వారి ప్లేస్టేషన్ ఆటలను కంప్యూటరులో ఆడించే ఎమ్యులేటర్‌ను కనెక్టిక్స్ అనే సంస్థ తయారుచేసింది. సోనీ దావా వేసింది. ఆ ఎమ్యులేటర్‌ను నిర్మించడం కోసం సోనీ యంత్రపు అంతరంగాన్ని విడదీసి అధ్యయనం చేయడం న్యాయమైన వినియోగమేనని 2000 ఫిబ్రవరిలో తొమ్మిదవ సర్క్యూట్ అప్పీలు న్యాయస్థానం తీర్పు చెప్పింది. బ్లీమ్ అనే మరొక చిన్న సంస్థ మీద కూడా సోనీ దావా వేసింది. బ్లీమ్ న్యాయస్థానంలో నిలబడింది గాని, న్యాయవాదుల ఖర్చులకు నిలబడలేక 2001లో మూతబడింది. గెలిచినవాడు చచ్చిపోవడం కోర్టు వ్యవహారాలలో మన వాళ్ళకు తెలియని సంగతి కాదు.

ఇక్కడ ఒక తమాషా చూడండి. 2018 డిసెంబరులో సోనీ తన పాత ఆటలు ఇరవైని కూర్చి ప్లేస్టేషన్ క్లాసిక్ అనే చిన్న పెట్టెను విడుదల చేసింది. దాని లోపల ఆ ఆటలను నడిపించినది ఏమిటో తెలుసా? అభిమానులు ఉచితంగా వ్రాసి లోకానికి పంచిన పీసీఎస్ఎక్స్ రీఆర్మ్‌డ్ అనే ఎమ్యులేటర్. నింటెండో కూడా 2006 నుండి తన యంత్రాలలో ఎమ్యులేటర్ల ద్వారానే పాత ఆటలను తిరిగి అమ్ముతున్నది. కనుక ఎమ్యులేటర్ అనే వస్తువు దానంతట అది పాపం కాదు. తాము అమ్ముకుంటే వారసత్వ పరిరక్షణ, చక్రాల కుర్చీలోని కుర్రవాడు వాడుకుంటే దొంగతనం. ఈ ధర్మశాస్త్రం నాకు అర్థం కాదు.

"ఆ ఆటలను కంపెనీ వారి దగ్గరే కొనుక్కోవచ్చు కదా" అంటారు కొందరు. కొన్నారు గదా! 2005లోనే కొన్నారు. అదే ఆటను ప్రతి కొత్త యంత్రం కోసం మళ్ళీ మళ్ళీ కొనాలా? అందుకు సిద్ధపడినా ఆ ఆట దొరకాలి గదా. 2023 జులైలో అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ వారు ప్రకటించిన అధ్యయనం ప్రకారం, 2010కి ముందు ఆ దేశంలో విడుదలైన ఆటలలో 87 శాతం నేడు మార్కెట్టులో దొరకవు. అదే సంవత్సరం మార్చిలో నింటెండో తన 3డీఎస్, వై యూ యంత్రాల ఆన్‌లైన్ దుకాణాలలో అమ్మకాలు ఆపివేసింది. అమ్మేవాడు అమ్మడు, కొన్నవాడిని వాడుకోనివ్వడు. మందుల కంపెనీ ఒక పాత మందు తయారీ మానివేసి, ఇంకెవరినీ తయారుచేయనివ్వకపోతే మనం ఊరుకుంటామా?

సరే, ఇప్పుడు అభిమానులు సొంతంగా చేసే ఆటల సంగతి. మా అబ్బాయికి మెట్రాయిడ్ ప్రాణం. 1991లో గేమ్ బాయ్ కోసం వచ్చిన రెండవ మెట్రాయిడ్ ఆటను అర్జెంటీనాకు చెందిన ఒక అభిమాని, మరికొందరి సాయంతో, ఏళ్ళ తరబడి శ్రమించి, కొత్త రంగులతో కొత్త సంగీతంతో మళ్ళీ నిర్మించాడు. 2016 ఆగస్టులో, మెట్రాయిడ్ ముప్ఫయ్యవ పుట్టినరోజున, ఏఎమ్‌2ఆర్ అనే పేరుతో ఉచితంగా విడుదల చేశాడు. కొద్ది రోజులకే నింటెండో నోటీసులతో దానిని తీయించింది. అదే నెలలో పోకెమాన్ యురేనియం అనే మరొక అభిమానుల ఆట, తొమ్మిదేళ్ళ శ్రమ ఫలితం, పదిహేను లక్షల సార్లు దిగుమతి అయిన తరువాత అదే విధంగా కనుమరుగైంది. మరుసటి ఏడాది నింటెండో అదే రెండవ మెట్రాయిడ్‌ను తానే పునర్నిర్మించి అమ్మింది. అది తన హక్కు, కాదనను. కాని ఉచితంగా పంచిన అభిమాని వలన ఆ సంస్థకు ఎంత నష్టం కలిగిందో నాకు ఇప్పటికీ బోధపడలేదు.

అందరు వ్యాపారులూ ఇలాగే ఉండాలన్న నియమమేమీ లేదు. సింగపూరుకు చెందిన ఒక అభిమాని స్ట్రీట్ ఫైటర్, మెగా మ్యాన్ పాత్రలను కలిపి ఆట చేస్తే, కాప్‌కామ్ సంస్థ నోటీసు పంపడానికి బదులు చేయూతనిచ్చి 2012 డిసెంబరులో తానే ఉచితంగా పంచింది. సెగా సంస్థ సోనిక్ ఆటలను మార్చి చేసుకునే అభిమానులను పిలిచి ఉద్యోగమిచ్చి 2017లో సోనిక్ మేనియా చేయించింది. ఇంటి ముందు ముగ్గు వేసిన పిల్లను కసురుకునేవారూ ఉంటారు, రంగులు తెచ్చి ఇచ్చేవారూ ఉంటారు.

నా మట్టుకు నాకు ఇది మన సాహిత్య చరిత్రలాగే కనిపిస్తుంది. శశిరేఖా పరిణయం వ్యాసభారతంలో లేదు. అభిమన్యుడిని, ఘటోత్కచుడిని ప్రేమించిన జనం తమ ఆనందం కోసం కల్పించుకున్న కథ అది. జానపదుల నోట పెరిగి, నాటకమై, 1957లో 'మాయాబజార్' అయింది. ఆ చిత్రాన్ని తీసివేసి తెలుగువాడి బాల్యాన్ని ఊహించండి! మొల్ల రామాయణం వ్రాసేటప్పుడు వాల్మీకి వారసుల నుండి అనుమతి పత్రం తెచ్చుకోలేదు. ప్రేమించిన కథను మళ్ళీ చెప్పుకోవడం మనకు వారసత్వంగా వచ్చిన అలవాటు. "ఆ గ్రంథాలకు కాపీహక్కు లేదు కదా" అని లాయరు మిత్రులు అంటారు. నిజమే. అందుకే అభిమానులలో తెలివైనవారు మూలపు ఆటను పంచరు, తాము చేసిన మార్పులను మాత్రమే ప్యాచ్ రూపంలో పంచుతారు. మూలం నీ దగ్గర ఉంటేనే అది పనిచేస్తుంది. మూలశ్లోకం అచ్చువేయకుండా వ్యాఖ్యానం మాత్రమే అచ్చువేసినట్టు. ఇలాంటి ప్యాచ్‌ల వలన రంగులు గుర్తించలేనివారికి రంగులు మారుతున్నాయి, జపాను భాషలో ఉండిపోయిన ఆటలు ఇతర భాషలలోకి వస్తున్నాయి. 2006లో జపానులో వచ్చిన మదర్ 3 అనే ఆటను నింటెండో ఇంగ్లీషులో విడుదల చేయలేదు. 2008లో అభిమానులే దానిని అనువదించి లోకానికి అందించారు.

ఏఎమ్‌2ఆర్‌ను మా అబ్బాయి ఆడాడా అని అడుగుతారేమో. ఆడాడు. దాచవలసిన పని నాకు లేదు.

ఇప్పుడు అవతలి పక్షానికి దక్కవలసిన న్యాయం కూడా చేయాలి. యుజు అనే ఎమ్యులేటర్‌ను తయారుచేసిన సంస్థ మీద నింటెండో 2024 ఫిబ్రవరిలో దావా వేసింది. అప్పటికి మార్కెట్టులో ఉన్న స్విచ్ యంత్రపు ఆటలను నడిపే ఎమ్యులేటర్ అది. జెల్డా వరుసలోని ఒక కొత్త ఆట, విడుదలకు ముందే దొంగప్రతులుగా పది లక్షల సార్లకు పైగా దిగుమతి అయిందని ఫిర్యాదులో పేర్కొన్నారు. వారం తిరగకుండానే ఆ సంస్థ 24 లక్షల డాలర్లు చెల్లించడానికి అంగీకరించి మూతబడింది. అది రాజీయే గాని తీర్పు కాదు. అయినా ఆ విషయంలో నా సానుభూతి నింటెండో వైపే మొగ్గుతుంది. వందలమంది ఏళ్ళ తరబడి చేసిన పనిని, అది అంగడికి రాకముందే, ఎత్తుకుపోవడం దొంగతనమే. దానికి వికలాంగుల పేరు అడ్డుపెట్టుకునేవారంటే నాకు మరీ అసహ్యం.

మన ఊళ్ళలోనూ రెండు మూడు వేల రూపాయలకు 'పదివేల ఆటలు' నింపిన చేతి యంత్రాలు అమ్ముతున్నారు. ఆ పదివేలలో ఒక్కదానికీ ఎవరికీ పైసా చెల్లించి ఉండరు. వాటిలోని లిథియం బ్యాటరీ ఏ పరీక్షకు నిలిచిందో ఎవరూ చెప్పలేరు. ఆ పెట్టెలను నేను సమర్థించను. మీ పిల్లలకు కొనకండి. నేను సమర్థిస్తున్నది ఇంత మాత్రమే: డబ్బు పెట్టి కొన్న ఆటను, తన శరీరం ఒప్పుకునే యంత్రంలో, తన ఇంట్లో ఆడుకునే స్వేచ్ఛ.

ఇక ఆరోగ్యం సంగతి. నా పాఠకులలో చాలామందికి ఆట అంటేనే వ్యసనం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో ఆమోదించి 2022 నుండి అమలులోకి తెచ్చిన వ్యాధుల వర్గీకరణలో ఆటల రుగ్మత అనే పేరు చేరిన మాట వాస్తవం. కాని ఆ నిర్వచనం చదవండి. ఆట మీద అదుపు తప్పాలి. మిగతా జీవితం కంటె ఆటకే ప్రాధాన్యం పెరుగుతూ పోవాలి. చెడు జరుగుతున్నా మానలేకపోవాలి. ఇదంతా సాధారణంగా పన్నెండు నెలల పాటు కొనసాగాలి. సాయంత్రం గంటసేపు ఆడే పిల్లవాడికి ఆ ముద్ర వేయడం, ఒకసారి చక్కెర 150 చూపిందని జీవితకాలపు మధుమేహిగా ప్రకటించడం వంటిది.

నిజానికి పిల్లల పాలిట ప్రమాదం ఈ పాత ఆటలలో లేదు. మన సెల్‌ఫోన్లలో 'ఉచితం' అనే పేరుతో దూరే ఆటలలో ఉంది. వాటికి ముగింపు ఉండదు. రోజూ రాకపోతే బహుమతి పోతుందని బెదిరిస్తాయి. అడుగడుగునా ప్రకటన, అడుగడుగునా కొనుగోలు. అదృష్టపు పెట్టెల పేరిట పదేళ్ళ పిల్లవాడికి జూదం అలవాటు చేస్తాయి. పెద్దల సంగతి చెప్పనక్కరలేదు. ఆన్‌లైన్ రమ్మీ దెబ్బకు తెలంగాణ 2017లోనూ, ఆంధ్రప్రదేశ్ 2020లోనూ చట్టాలు మార్చవలసి వచ్చింది. 2025లో కేంద్రమే డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను నిషేధించింది. పాతికేళ్ళ క్రితపు గేమ్ బాయ్ ఆట నీ దగ్గర మళ్ళీ డబ్బు అడగదు. నీ ఫోన్ నంబరు అడగదు. అది ఒకచోట ముగుస్తుంది. ముగిసిన తరువాత పిల్లవాడు దానిని పక్కన పెడతాడు.

ఎమ్యులేటర్‌లో మరొక మేలు ఉంది, తల్లులు దీనిని శ్రద్ధగా గమనించాలి. పాత ఆటలలో నిర్ణీత స్థలానికి చేరితే తప్ప ఆటను భద్రపరచడం కుదరదు. "అన్నానికి రా" అని పిలిస్తే "ఒక్క అయిదు నిమిషాలమ్మా" అని పిల్లలు బతిమాలడం వెనుక సగం కారణం ఇదే. మధ్యలో ఆపితే అరగంట శ్రమ గంగపాలు. ఎమ్యులేటర్‌లో ఏ క్షణంలోనైనా, శత్రువు బాణం గాలిలో ఉండగా సైతం, ఆటను అలాగే నిలిపి దాచవచ్చు. దానిని సేవ్ స్టేట్ అంటారు. ఆపడం తేలికైతే ఆపే అలవాటు కలుగుతుంది. మా అబ్బాయికి దీని ఉపయోగం వేరు. అతనికి గంటకొకసారి కుర్చీలో భంగిమ మార్చాలి. ఊపిరి వ్యాయామం చేయించాలి. చెయ్యి అలసిపోతే వెంటనే ఆపాలి, లేకపోతే మిగిలిన కండరానికే చేటు. ఆటను నెమ్మదిగా నడిపించే సదుపాయం కూడా ఉంది. వేలు కదలడానికి అర సెకను ఎక్కువ పట్టేవాడికి లోకం ఎక్కడా ఆగదు. ఆ తెర మీద ఆగుతుంది.

చేతి యంత్రాలకు వైద్యంలో చోటు ఉన్నదనడానికి నా ఒక్కడి అనుభవమే కాదు. 2006లో 'పీడియాట్రిక్ అనస్థీషియా' పత్రికలో వెలువడిన ఒక అమెరికన్ అధ్యయనంలో, శస్త్రచికిత్సకు ముందు పిల్లల చేతికి చిన్న వీడియో ఆట ఇచ్చి చూశారు. మత్తు మాస్కు పెట్టే సమయంలో వారి ఆందోళన, తల్లిదండ్రులు మాత్రమే పక్కనున్న పిల్లలతో పోలిస్తే తక్కువగా ఉన్నట్టు తేలింది. ఆపరేషన్ గది తలుపు దగ్గర పిల్లవాడి ఏడుపు విన్నవారికి దీని విలువ తెలుస్తుంది.

మెచ్చుకుంటూ పోతే నేను వైద్యుడిని కాను, ప్రచారకుడిని అవుతాను. అభిమానుల ఆటలలో ఒక నిజమైన ప్రమాదం ఉంది. దీని గురించి ఆ ఆటల ప్రియులు దాదాపుగా మాట్లాడరు. 1997 డిసెంబరు 16న జపాను టెలివిజనులో పోకెమాన్ కార్టూను ఒక భాగం ప్రసారమైంది. అందులో ఎరుపు, నీలం వెలుగులు సెకనుకు సుమారు పన్నెండు సార్లు మారుతూ మెరిసిన ఒక దృశ్యం ఉంది. ఆ సాయంత్రం దాదాపు 700 మందిని, ఎక్కువగా పిల్లలను, ఆసుపత్రులకు తరలించారు. వెలుగుకు స్పందించే మూర్ఛ అంటే అదే. సెకనుకు మూడుసార్లకు మించిన మెరుపులు ప్రమాదకరమని ఆ తరువాత పరీక్షా ప్రమాణాలు గట్టిపడ్డాయి. పెద్ద సంస్థలు చాలావరకు తమ ఆటలను ఈ దృష్టితో సరిచూసుకుంటాయి. ఇంట్లో కూర్చుని ఆట చేసే అభిమానికి ఆ పరీక్ష ఎవరు చేస్తారు? పైగా ఎమ్యులేటర్‌లో ఆటను నాలుగింతల వేగంతో పరుగెత్తించే మీట ఉంటుంది. సెకనుకు రెండుసార్లు మెరిసే నిరపాయకరమైన దృశ్యం ఆ మీట నొక్కగానే ఎనిమిదిసార్లు మెరుస్తుంది. ఇంట్లో ఎవరికైనా మూర్ఛ ఉన్నట్లయితే ఆ మీటను తీసివేయండి. గది దీపం వెలిగించి, తెరకు దూరంగా కూర్చోబెట్టండి. మిగతా పిల్లల విషయంలో మెడ వంచి ఒళ్ళో యంత్రం పెట్టుకోవడం, బొటనవేలి మొదట్లో నొప్పిని అశ్రద్ధ చేయడం కూడదు. 1990లోనే ఒక వైద్య పత్రికలో ఈ నొప్పికి 'నింటెండినైటిస్' అని పేరు పెట్టారు. ఎండలో ఆడుకునే గంటలను మాత్రం ఏ తెరకూ అమ్ముకోకండి.

చివరగా మన చట్టం. 1957 కాపీరైటు చట్టంలోని 52వ సెక్షను, కంప్యూటరు ప్రోగ్రాము న్యాయంగా తన దగ్గర ఉన్నవాడు అది పోకుండా, చెడకుండా భద్రత కోసం ప్రతి తీసుకోవడాన్ని ఉల్లంఘనగా పరిగణించదు. 2012లో ఆ సెక్షనులో మరొక మాట చేరింది. వికలాంగులు ఏ రచననైనా అందుకోవడానికి వీలుగా, వారికి అనువైన రూపంలోకి మార్చడం కూడా ఉల్లంఘన కాదు. అంధుల పుస్తకాల కోసం పోరాడిన వారి చలవ అది. అంధుల కోసం ఏర్పడిన మర్రకేష్ ఒప్పందాన్ని 2014లో ప్రపంచంలో అందరికంటె ముందు ఆమోదించిన దేశం మనది. అంధుడికి బ్రెయిల్ ప్రతి ఎటువంటిదో, వేలు మాత్రమే కదిలే ఈ కుర్రవాడికి పోటీ యంత్రంలోని ఆ ఆట అటువంటిదని నా వాదన. ఇది ఒక వైద్యుడి వాదనే గాని న్యాయస్థానపు తీర్పు కాదని ఒప్పుకుంటాను. న్యాయవాద మిత్రులు తప్పని నిరూపిస్తే సరిదిద్దుకుంటాను. కాని నా యువమిత్రుడు ఆ సభలో చట్టం చదివి మాట్లాడలేదు. పైరసీ అనే మాట వినబడగానే ఉలిక్కిపడి మాట్లాడాడు. ఆ అబ్బాయిని ఒకసారి చూసి మాట్లాడి ఉంటే బాగుండేది.

మొన్న ఆదివారం నేను చూసి వచ్చాను. కుడి బొటనవేలు బలహీనపడుతున్నది. "తాతగారూ, దూకే మీటను ఎడమ చూపుడు వేలికి మార్చించుకున్నాను, మీరు గమనించలేదు" అన్నాడు నవ్వుతూ. నిజంగానే గమనించలేదు. గడ్డం కింద అమర్చే స్విచ్ ఒకటి వచ్చే వారం వస్తుందట. దానిని గుచ్చడానికి కంట్రోలర్ వెనుక ఇంకా ఎన్ని రంధ్రాలు ఖాళీగా ఉన్నాయో అన్నదమ్ములిద్దరూ లెక్కపెడుతుంటే, తల్లి నాకు కాఫీ తెచ్చి ఇచ్చింది.